జేబులు చూసే మనిషి

సైన్యాలతో సరిహద్దులు దాటిన రాజులు ఉంటే ఉండొచ్చు. ఇస్త్రీపెట్టెతో సరిహద్దు దాటిన మనిషి మాత్రం ఈ భూమ్మీద మా అమ్మమ్మ ఒక్కతే. నమ్మనివాళ్లు మా ఇంటికొచ్చి ఆవిడ పాస్‌పోర్టు చూసుకోవచ్చు. అట్టముక్కలా పలచగా ఉంటుంది. ఫొటోలో ముక్కు చెంప మీదికి జరిగిపోయి ఉంటుంది. పదో తరగతి రెండుసార్లు రాసి రెండుసార్లూ తప్పిన నేను ఆవిడ చరిత్ర రాయడానికి ఈ మాత్రం సాక్ష్యం చాలు.

అమ్మమ్మకి నలభై మూడేళ్లప్పుడు ఊళ్లో బట్టల మిల్లు మూతపడింది. మిల్లులో మడతలు పెట్టే ఆడవాళ్లంతా ఒకరి వెనక ఒకరు విమానం ఎక్కారు. ఏడాది తిరక్కుండా ఆ వీధిలో గోడలన్నిటికీ కొత్త రంగులు పడ్డాయి. గోడల మధ్య తల్లులే లేరు. అమ్మమ్మ కూడా రెండేళ్ల ఒప్పందం మీద పరాయి దేశంలో ఒక పెద్ద లాండ్రీకి వెళ్లింది. దిగిన రోజునే పాస్‌పోర్టు తీసుకుని బీరువాలో పెట్టేశారు. "మా దగ్గర భద్రంగా ఉంటుంది" అన్నారు.

లాండ్రీ నేలమాళిగలో ఉండేది. కిటికీలు లేవు, ఎప్పుడూ ఆవిరే. మెషీన్లోకి వెళ్లేముందు ప్రతి బట్టకీ జేబులు తడిమి, దొరికినవి గాజుసీసాలో వెయ్యడం, ఆ తర్వాత ఇస్త్రీ చెయ్యడం అమ్మమ్మ పని. పెన్నులు, తాళంచెవులు, ఒకసారి ఏకంగా పళ్లసెట్టు. ఆవిడ చెయ్యి పడ్డాక జేబులో దుమ్ము కూడా మిగిలేది కాదు. తడమకూడనివి సూపర్‌వైజర్ జేబులు ఒక్కటే. ఒకసారి తడిమినందుకు, "నా జేబులో చెయ్యి పెడితే పోలీసులకి పట్టిస్తా" అని అందరి ముందూ అరిచాడు. అరిచే ముందు ముక్కుతో గట్టిగా గాలి పీల్చేవాడు, ఈల వేసినట్టు. అందుకే ఆడవాళ్లు అతనికి విజిల్ అని పేరు పెట్టుకున్నారు.

ఒప్పందం అయిపోయి నాలుగు నెలలైంది. ఇంటికి పంపమని అడిగినప్పుడల్లా విజిల్ వచ్చే నెల అనేవాడు. అమ్మమ్మ అక్కడుండగానే ఆవిడ కూతురికి మొదటి కాన్పు కష్టమైంది. పక్కన ఎవరూ లేరు, బిడ్డ దక్కలేదు. ఇప్పుడు మళ్లీ ఎనిమిదో నెల. "ఈసారి నువ్వు లేకపోతే నేను బతకనమ్మా" అంది ఫోన్లో. 

అలాంటి రోజుల్లో ఒక మధ్యాహ్నం విజిల్ కోటు మీద టీ ఒలికింది. "గంటలో కావాలి" అని బల్లమీద పడేసి, ఎవరో పిలిస్తే పైకి పరిగెత్తాడు. అమ్మమ్మ చెయ్యి ఆవిణ్ణి అడక్కుండానే జేబులోకి వెళ్లిపోయింది.

రెండు పాస్‌పోర్టులు, వాటి మధ్య మడిచిన కాగితం. ఒకటి తనది, రెండోది చిరుగులు కుట్టే ఆమెది. ఇద్దరిదీ ఒకే భాష, ఒకే గది. అమ్మమ్మకి చదువు రాదు కనక కాగితం ఆమె చదివింది.

"అక్కా... మనం ఇంకో రెండేళ్లు చేస్తామని రాసుంది. కింద సంతకాలు మనవే."

"నేనెక్కడ పెట్టానే?"

"సెలవు కాగితమని మొన్న పెట్టించుకోలేదూ!"

 సీసాలో వేస్తే రెండేళ్లు, దాచుకుంటే పోలీసులు. అప్పుడే పై మెట్ల మీద ఈల వినపడింది. అంటే కోటు గుర్తొచ్చిందన్నమాట.

పాస్‌పోర్టులు ఇస్త్రీబల్ల మెత్త కిందకి వెళ్లాయి. బట్టల లెక్క రాసే నల్లట్టల చిన్న పుస్తకాలు రెండు, ఆ కాగితంతో సహా, కోటు జేబులోకి వెళ్లాయి. కోటు మెషీన్లోకి వెళ్లింది. చెంచాతో వేయాల్సిన, రంగుల్ని తినేసే తెల్లమందుని అమ్మమ్మ డబ్బాతో కుమ్మరించి, వేడినీళ్ల మీట తిప్పేసింది. తలుపు టక్కుమని బిగుసుకుంది.

"నా కోటేదీ?"

"తిరుగుతోందండీ."

"ఆపు!"

"నీళ్లు దిగాక గానీ తలుపు రాదండీ. ఇరవై నిమిషాలు."

"జేబులు చూశావా?"

"మీ జేబులో చెయ్యి పెట్టొద్దన్నారు కదండీ. పోలీసులన్నారు."

విజిల్ మెషీన్ తలుపు గుంజి చూశాడు, రాలేదు. ఎక్కడికీ కదల్లేదు. ఇస్త్రీబల్ల పక్కనే నిలబడి మెషీన్ అద్దంలోకి చూస్తున్నాడు. పని ఆపితే అనుమానం వస్తుందని అమ్మమ్మ దిండుగలీబులు తీసుకుని, పాస్‌పోర్టుల మీదే ఇస్త్రీ మొదలుపెట్టింది. ఒకటి, రెండు, పది. ప్రతిదానికీ పెట్టెని ఇంకా గట్టిగా అదిమింది. మెత్త కింద నుంచి ప్లాస్టిక్ కాలుతున్న వాసన సన్నగా పైకి లేచింది.

"ఏంటా వాసన?"



"నా మిషను మోటారండీ!" అంది కుట్టే ఆమె మూలనుంచి. "పొద్దుట్నుంచీ ఇదే గోల. మార్చమని ఎన్నిసార్లు మొత్తుకున్నా వినరు!"

"నోర్ముయ్" అన్నాడు విజిల్. అంత హాయైన తిట్టు అమ్మమ్మ జన్మలో వినలేదట.

తలుపు తెరుచుకుంది. జేబులోంచి నల్లటి ముద్ద వచ్చింది. అతను దాన్ని వేళ్లతో విప్పబోయాడు. అట్ట ముక్క ఒకటి ఊడి వేలికి అంటుకుంది. ఈల కోసం అమ్మమ్మ కళ్లు గట్టిగా మూసుకుంది. ఈల రాలేదు. కళ్లు తెరిస్తే అతని మొహంలో నెత్తురు లేదు. బీరువాలోంచి పాస్‌పోర్టులు తెచ్చి జేబులో మర్చిపోయాడని తెలిస్తే యజమాని మొదట అతన్నే పనిలోంచి తీసేస్తాడు.

"రేపు పొద్దున్నే ఇద్దరూ మీ ఎంబసీకి వెళ్లండి" అన్నాడు చిన్న గొంతుతో. "దారిలో మేమే పోగొట్టుకున్నామని చెప్పండి. నా పేరెత్తారో..."

రెండేళ్ల నాలుగు నెలల్లో ఆ తలుపు దాటి కాపలా లేకుండా వెళ్లమని చెప్పడం అదే మొదలు. మర్నాడు ఇద్దరూ నడుముకి పాస్‌పోర్టులు కట్టుకుని వెళ్లారు. వెనక్కి రాలేదు. ఎంబసీ దాకా అమ్మమ్మ ఒక్కసారీ తిరిగి చూడలేదు. వీధిలో బస్సు బ్రేకు వేస్తే చాలు, విజిల్ అనుకుని గోడకి అతుక్కుపోయింది.

ఎంబసీవాళ్లు వారంలో ఇద్దరినీ విమానం దాకా పంపారు. అక్కడ అధికారి పాస్‌పోర్టుని తిప్పి, మడిచి, వెలుతురుకి పెట్టి చూశాడు.

"ఇదేంటి, ఇలా ఉంది?"

అబద్ధాలన్నీ అయిపోయాయి కాబోలు, "ఇస్త్రీ చేశానండీ" అంది అమ్మమ్మ. అతను నవ్వి ముద్ర గుద్దాడు.

తర్వాత పదకొండు రోజులకి ఆవిడ కూతురు ప్రసవించింది. తల్లి చెయ్యి పట్టుకునే ఉంది, బిడ్డ దక్కింది. ఆ దక్కినదాన్ని నేనే.

ఇదంతా చదివి వినిపించి, "ఎలా ఉంది వీరనారీ? నీ ధైర్యం గురించి ఇంకో ముక్క కలపనా?" అని అడిగాను.

"ధైర్యమా, నీ మొహమా! ఆ ఇరవై నిమిషాల్లో లాండ్రీ గౌనులోనే ఉచ్చ పోసేసుకున్నానే. ఆవిరికి తడిసిందనుకున్నాడు వాడు. అది ఎగ్గొట్టకుండా రాయి."