జవాబు ఆగ్నేయ మూలలో ఉంది

హైటెక్ సిటీలో మొట్టమొదటి ప్రోగ్రాం రాసింది నేనే. మనవల దగ్గర ఈ మాట చాలాసార్లు అన్నాను. అచ్చులో కాబట్టి ఇక్కడ కాస్త తగ్గిస్తాను. రాసింది హైటెక్ సిటీలో కాదు, పక్కనే కొండాపూర్‌లో, నేను కిరాయికున్న ఇంటి అరుగు మీద. కంప్యూటర్లో కాదు, వేసవి సెలవులకని మా కాలేజీ నుంచి తెచ్చుకున్న గ్రాఫులు గీసే కాలిక్యులేటర్లో. ఇంకా నిజం చెప్పాలంటే రాయనూ లేదు. దాంతో వచ్చిన పుస్తకంలో ఉన్నదాన్ని మీట మీటా నొక్కి ఎక్కించాను. తప్పుల్లేకుండా ఎక్కించింది మాత్రం నేనే.

తొంభైల చివర అది. రాళ్లగుట్టల మధ్య గుండ్రటి అద్దాల భవనం కొత్తగా లేచింది. నాకు కిరాయికిచ్చిన ఇంటామె పెరట్లో మెస్ నడిపేది. ఆ భవనంలోని ఒక ఆఫీసువాళ్లు, వారం పాటు భోజనాలు పంపి చూడమన్నారు ఆమెను. ఒంటిగంటకల్లా అందరికీ అందితే ఆర్డరు ఆమెది, లేదంటే మాదాపూర్‌లో ఇంకెవరిదో. మొదటిరోజే ఆలస్యమైంది. చపాతీలు తెమల్లేదు.

సాయంత్రం వచ్చి అరుగు మీద కూలబడింది. "రేపు గూడ గిట్లనే అయితే ఇగ అయిపోయినట్టే సారూ. ఊరందరి పిల్లలకు లెక్కలు జెప్తరు, జర నాకూ ఒకటి జెప్పున్రి."

లెక్కల మేష్టారికి ఇంతకన్నా ఏం కావాలి? అన్నం పళ్లేనికి పొయ్యి ఎంతసేపు, చేతులు ఎంతసేపు? చపాతీ డబ్బాకో? అడిగి, ఆ హద్దులన్నీ మిషనుకి చెప్పాను. అడ్డంగా అన్నం పళ్లేలు, నిలువుగా చపాతీ డబ్బాలు లెక్కన తెర మీద గీతలు పడ్డాయి. ఆ గీతల లోపలి జాగాలోనే ఆమె వండగలిగేదంతా ఉంటుంది. అన్నిటికన్నా ఎక్కువ భోజనాలు తేలేది దాని మూలల్లో ఒకచోట. ప్రోగ్రాం మూలలన్నీ తడిమి ఒకదాని దగ్గర ఆగింది.

"జవాబు ఈ మూలలో ఉందమ్మా," అని కింద కుడివైపు చూపించాను.

భుజం మీంచి ఆమె భర్త, మా ఇంటాయన, తొంగిచూశాడు. కట్టిన గేటుని వాస్తు కోసం కూల్చి జరిపించిన మనిషి ఆయన. "పైకి ఉత్తరం, గిటు తూర్పు. అంటే ఇది ఆగ్నేయం గద సారూ! మన పొయ్యేమో వాయవ్యంల ఉన్నది. గందుకే ఇంత పరేషాన్!" అంటూ పెరట్లోకి పరుగెత్తాడు.

నేను జవాబు చదివే ఉత్సాహంలో ఉన్నాను. "అన్నీ అన్నం పళ్లేలే. చపాతీలు సున్నా."

"సున్నానా?" ఆమె నా వంక చూసింది. "ఆడ ఉత్తరాదోళ్లున్నరు సారూ. చపాతీ లేకుంటే మిమ్ముల తింటరా?"

కనీసం ఇన్ని చపాతీలు ఉండాలి అన్న హద్దు వేయడమే మరిచాను. వేసి మళ్లీ నడిపితే, ఒంటిగంటకి అందే దారే లేదని తేలింది. పొయ్యి దగ్గరే పొద్దంతా పోతోంది. ఆ సంగతి ఎలా చెప్పాలో తెలియక కాలిక్యులేటర్‌కి మూత పెట్టాను.

పొద్దున్నే చూస్తే పొయ్యి ఆగ్నేయానికి మారింది. గాలి పడమటి నుంచి కదా, ఇదివరకు వాయవ్యం పొయ్యి పొగంతా పెరడంతా కమ్ముకుని వంటవాళ్ల కళ్లలోకే వచ్చేది. దగ్గి, కళ్లు తుడుచుకుని మళ్లీ వచ్చే సమయాన్ని కూడా ఆమె పొయ్యి సమయంలోనే కలిపి చెప్పింది. నేను విడదీసి అడగలేదు. ఇప్పుడు పొగ సరాసరి గోడ దాటిపోతోంది. పక్కన రెండో పెనానికీ చోటు దొరికింది. ఒంటిగంట కాకముందే డబ్బాల ఆటో వెళ్లిపోయింది. తర్వాతి రోజులూ అంతే.

వారం చివర ఆఫీసువాళ్లు సోమవారం నుంచి రోజూ పంపమన్నారు. ఇంటాయన గల్లీ అంతా వినిపించేలా అరిచాడు. "సారు మిషన్ వాస్తు గూడ చూస్తది!"

కాదని చెప్పాలనే నోరు తెరిచాను. అప్పటికే ఇంటామె వేడి చపాతీ ఒకటి నా పళ్లెంలో వేసింది. నా మిషన్ సున్నా అన్న చపాతీ. తెరిచిన నోరు దానికే పనికొచ్చింది.