జగ్గు పేరు పక్కన పచ్చ చుక్క

శ్రీకాకుళం ఏడురోడ్ల జంక్షన్ నుంచి మార్కెట్టు వైపు తిరిగే సందులో నాకొక నెట్ సెంటరు ఉండేది. నా పేరు సోములు. పక్క కొట్టు తాయారుది. అందులో టీవీల ముందు కుర్రాళ్ళని కూర్చోబెట్టి గంటల లెక్కన వీడియో ఆటలు ఆడించేవారు. బెల్లం షావుకారు ఇంట్లో ఇదేం పాడు బేరమని సందంతా మూతి తిప్పుకునేది. మూతి తిప్పుకోవడం తప్ప ఈ సందుకి వేరే పనేం ఉంది గనక.

తాయారు కళింగపట్నం పిల్ల. వాళ్ళ నాన్న అక్కడ పడవలవాళ్ళకి వలతాళ్ళు, ఉప్పు, కిరసనాయిలు అమ్మేవాడు. గల్లాపెట్టె పక్కన పెరిగిన మనిషి కాబట్టి ఎవరితో ఎంత మాట్లాడాలో, ఎక్కడ ఊరుకోవాలో ఆమెకి ఒకరు చెప్పనక్కర్లేదు. పెళ్ళై వచ్చింది గణపతిరావుగారి ఇంటికి. ఆయన టోకు బెల్లం వ్యాపారి. ఒక్కడే కొడుకు, జగన్నాధం. ఆ కొడుకు బెల్లం దిమ్మలు వదిలేసి, గోడౌనుకి ముందున్న కొట్టులో ఆటల మిషను తెచ్చిపెట్టిన రోజునుంచి తండ్రి అతనితో సరిగ్గా మాట్లాడలేదు. ఎదురుపడితే ఈయన "ఏరా, తిన్నావేటి" అనేవారు. అతను "ఆఁ" అనేవాడు. తండ్రీకొడుకుల మాటలు అంతటితో సరి.

జగన్నాధం మంచివాడు. పెద్దయినా పిల్లాడి బుద్ధులు పోలేదు. గేమ్ కంపెనీలో జగ్గు అని తన పేర ఒక ఖాతా తెరిచాడు. తాయారుకీ ఒకటి తెరిచిపెట్టాడు. ఆమె ఖాతాలో స్నేహితుడంటూ ఉన్నది ఒక్కడే, మొగుడు. అతను మిషను వెయ్యగానే ఆమె తెరమీద జగ్గు పేరు పక్కన పచ్చ చుక్క వెలిగేది. క్రికెట్ ఆటలో తన పోలికతోనే ఒక ఆటగాణ్ణి తయారు చేసుకున్నాడు. మీసం తాయారే దిద్దింది. ఆట మొదలయ్యేముందు ఆ మీసాల జగ్గు తెరమీద బ్యాటు తిప్పుతూ నిలబడేవాడు. అది చూసి ఇద్దరూ నవ్వుకుంటుంటే గోడకి ఇవతల నాకు వినబడేది. ఒక్కోసారి చిరాకు కూడా వేసేది.

సమైక్యాంధ్ర బందులతో బళ్ళు మూతబడ్డ ఏడాది వాళ్ళ కొట్టు కిటకిటలాడింది. రెండో మిషను కూడా కొన్నారు. ఆ కార్తీకంలోనే జగన్నాధానికి జ్వరం వచ్చింది. మామూలు జ్వరమే అనుకున్నాం. ప్లేట్‌లెట్లు పడిపోయాయని విశాఖ తీసుకెళ్ళారు. మనిషి తిరిగి రాలేదు.

పెద్దకర్మ నాడు పంతులుగారికి శయ్యాదానం ఇచ్చారు. పోయినవాడికి అక్కడ లోటు ఉండకూడదని మంచం, పరుపు, గొడుగు, చెప్పులు, చెంబు. అన్నీ సర్దాక గణపతిరావుగారు లోపలికెళ్ళి, కొడుకు మొదట కొన్న ఆటల మిషను తెచ్చి పరుపు మీద పెట్టారు.

"మంచం మీద కన్నా దీని ముందే ఎక్కువున్నాడు. అక్కడ ఇది నేకపోతే ఆడికి తోచదు," అన్నారు.

కోపంతో అన్నారో ప్రేమతో అన్నారో నాకు తెలియలేదు. పంతులుగారు దానికేసి ఒకసారి అనుమానంగా చూసి, మంత్రం చదివి పుచ్చుకున్నారు. మిషను లోపల జగ్గు ఖాతా తెరిచే ఉందన్న సంగతి ఎవరికీ తట్టలేదు. తట్టినా ఆ పూట ఎవరు నోరు విప్పుతారు.

అసలు తిప్పలు తరవాత వచ్చాయి. కొట్టులో మిగిలింది ఒక్క మిషను. తాయారు విశాఖలో సెకండ్‌హ్యాండుది ఒకటి కొనుక్కొచ్చింది. దాంట్లో ఒక్క ఆటా తెరుచుకోలేదు. జగన్నాధం ఆటలన్నీ నెట్‌లో కొన్నాడు. అలా కొన్న ఆటలు మిషనువి కావు, ఖాతావి. ఆ ఖాతాని రెండంటే రెండు మిషన్లలోనే నమోదు చెయ్యనిస్తారు. ఒకటి కొట్టులో ఉంది, ఇంకొకటి దానంలో పోయింది. మూడోదానికి పరిమితి నిండిపోయిందని తెర చెబుతోంది. దానంలో పోయినదాన్ని తప్పించాలంటే ఆ మిషను దగ్గరికే వెళ్ళి తీసెయ్యాలి. మిషను చేతిలో లేకపోతే కంపెనీ వెబ్‌సైటులో అన్నిటినీ ఒకేసారి తీసెయ్యొచ్చు, అదీ ఆరు నెలలకొక్కసారి. డబ్బులిచ్చి కొన్నవాడికి కంపెనీవాడు పెట్టే ఆంక్షలు చూస్తే నాకు ఒళ్ళు మండిపోయింది.

"పంతులుగారింటికెళ్ళి నేను తీసేసొస్తానమ్మా, చిటికెలో పని," అన్నాను.

"వద్దన్నయ్యా. ఇచ్చిందాని ఊసెత్తకూడదు. ఎత్తితే ఇచ్చినట్టు కాదు. ఆయనకి అక్కడ మంచం కూడా ఉండదు," అంది.

అవతల గణపతిరావుగారు ఒకటే పోరు. ఉగాదిలోగా కొట్టు నిలదొక్కుకోకపోతే సెల్‌ఫోన్ల షోరూముకి అద్దెకిచ్చేస్తానన్నారు. కొట్టు పోతే తాయారుకి మిగిలేవి రెండే: అత్తవారింట వెనక గదిలో కూర్చోవడం, లేకపోతే కళింగపట్నం వెళ్ళి అన్నగారి పంచన చేరడం. రెండూ ఆమెకి బతికుండగా మట్టి కప్పుకున్నట్టే. ఆ మాట నాతోనే అంది. అంత తెలిసినా, నొక్కితే దానంలో పోయినదాంట్లో ఆయన ఆటలు ఆగిపోతాయని, వెబ్‌సైటులో ఆ బొత్తాం నొక్కడానికి ఆమెకి చెయ్యి రాలేదు. అప్పుడు జరిగింది పచ్చ చుక్క సంగతి.

దీపాలవేళ, గల్లాపెట్టె దగ్గర అగరొత్తులు వెలిగించి, తన ఖాతా తెరిచిందట. నన్ను పిలిచిన గొంతు నాకిప్పటికీ గుర్తుంది.

"అన్నయ్యా, ఒకసారి రా."

"ఏటమ్మా?"

"ఆయనొచ్చినారు."

వెళ్ళి చూశాను. జగ్గు. పేరు పక్కన పచ్చ చుక్క. కింద క్రికెట్ ఆట పేరు. పంతులుగారింట్లో ఎవరో ఆడుకుంటున్నారని సర్దిచెప్పాను. ఆమె తలూపింది. నమ్మిందనుకోను. నేను మాత్రం నమ్మానా?

మర్నాడు సాయంత్రం మళ్ళీ వెలిగింది. ఆ మర్నాడూ అంతే. పొద్దుగూకాక రావడం, కాసేపుండి పోవడం. జగన్నాధం కూడా బతికున్నప్పుడు ఆ వేళకే వచ్చేవాడు. ఒకరోజు తాయారు కొత్త మిషనులో మొగుడి ఖాతాలోకే వెళ్ళి కూర్చుంది. చీకటి పడుతుండగా తెర దానంతటదే ఆమెని బయటికి గెంటేసింది. మీరు మరో చోట ప్రవేశించారు, అని రాశాడు కంపెనీవాడు. తాయారు ఆ ముక్క నాకు చదివి వినిపించి, "మీరు అంటే ఎవరన్నయ్యా" అని అడిగింది. ఆ వారమంతా నా నెట్ సెంటరు పెందలాడే కట్టేశాను. భయం వేసింది, అందులో దాపరికం ఏముంది.

తాయారుకి భయం లేదు. అదీ నన్ను భయపెట్టింది. సాయంత్రమయ్యేసరికి తల దువ్వుకుని, కుర్రాళ్ళని పంపేసి, ఆ చుక్క ముందు కూర్చునేది. బేరం పడిపోయింది. మనిషి చిక్కిపోయింది. కళ్ళ కింద నల్లగా గుంటలు పడ్డాయి. ఉగాది దగ్గరపడుతుంటే ఇక ఊరుకోలేక గట్టిగానే చివాట్లు పెట్టాను.

"కొట్టు పోతే ఈ చుక్క ఎక్కడ సూత్తావమ్మా? మీ అన్నగారింట్లోనా?"

తాయారు గల్లాపెట్టెకి తాళం వేసింది. తరవాత, "నొక్కితే ఆయన్ని రెండోసారి తగలబెట్టినట్టేను," అంది. అని, తనే నా కంప్యూటరు ముందు కూర్చుంది. పట్టపగలు, ఎండ గుమ్మంలోకి వచ్చి ఉంది. అన్ని మిషన్లనీ తీసెయ్యమని నొక్కింది. ఎక్కడెక్కడ తెరిచి ఉందో అక్కడినుంచి ఖాతాని బయటికి పంపెయ్యమని కూడా నొక్కించాను. ఆ సాయంత్రం చుక్క వెలగలేదు. తాయారు కొట్టు తలుపు దగ్గరగా వేసుకుని ఏడ్చింది. గోడకి ఇవతల నేను వింటూ కూర్చున్నాను.

కొట్టులో రెండు మిషన్లనీ మళ్ళీ నమోదు చేశాం, రెండూ పనిచేశాయి. ఒంటిపూట బళ్ళు కదా, కుర్రాళ్ళు మళ్ళీ వచ్చారు. ఉగాది వెళ్ళిపోయింది, గణపతిరావుగారు షోరూము మాట ఎత్తలేదు. బేరం చూసి ఊరుకున్నారనుకున్నాం.

ఒక మధ్యాహ్నం ఆయనే వచ్చారు. కొడుకు పోయాక ఆ గుమ్మం తొక్కింది అదే మొదలు. గడ్డం మాసి ఉంది. కోడలికేసి చూడకుండా టీవీకేసి చూస్తూ అన్నారు.

"తాయారూ, జగ్గడు రావట్నేదమ్మా."

ఆమె చేతిలో రిమోటు కింద పెట్టేసింది. "ఎక్కడికి మావయ్యా?"

"ఎనకాల గోడౌనులోకి. రోజూ వచ్చీవోడు. ఇప్పుడేటో అడుగుతన్నాది. నాకు తెలవట్నేదు."

తరవాత ముక్కలు ముక్కలుగా చెప్పారు. దానం ఇచ్చిన కొన్నాళ్ళకి పంతులుగారు కబురెట్టారట, ఈ మిషను ఎలా వెయ్యాలో తెలియడం లేదని. వెళ్ళి వేయిస్తే వాళ్ళ టీవీ మీద జగ్గు అని పేరు.

"ఊరోళ్ళింట్లో మనోడి పేరు. ఆడనొదిలీసి రానేకపోనాను. పంతులికి ఫ్రిజ్జు కొనిచ్చి తెచ్చీసుకున్నాను. దానం ఎనక్కి తెచ్చీసుకున్నానమ్మా. ఆడికక్కడ ఏటీ నేకుండా సేసీసినాను. కల్లోకొస్తాడు. వొట్టి నేల మీద పడుకునుంటాడు. అయినా పొద్దుగూకితే కాలు ఆగదు."

ఊరందరికీ దానధర్మాల గురించి నీతులు చెప్పే మనిషి. ఆయన అలా నిలబడి చెబుతుంటే చూడలేకపోయాను.

గోడౌను తాయారు కొట్టు వెనక గోడకి ఆనుకునే ఉంది. వాళ్ళ కొట్టుకీ నా వైఫైయే, షట్టరు వేసినా ఆపను; మిషను దాన్నే గుర్తుపెట్టుకుంది. ఇన్నాళ్ళూ మేం చూసిన జగ్గు బారెడు దూరంలో, గోడకి అవతల బెల్లం వాసనలో ఉన్నాడన్నమాట. ముగ్గురం వెళ్ళాం. బస్తాల మీద ఒక పాత టీవీ, ఎదురుగా ఒక స్టూలు. తెర పాస్‌వర్డ్ అడుగుతోంది.

తాయారు రిమోటు తీసుకుని తెరమీద అక్షరాలు ఒక్కొక్కటే ఎంచింది. గణపతిరావుగారు ముందుకి వంగారు.

"ఇది నా పాత బజాజ్ బండి నెంబరు కదేటి."

"అవును మావయ్యా. ఆ బండి మీద ముందు నిలబడి బడికెళ్ళీవారంట. ఎన్నిసార్లు సెప్పినారో."

ఆయన స్టూలు మీద కూలబడ్డారు. తాయారు కాక ఆ తలుపు తెరవగలిగిన మనిషి ఊళ్ళో ఆయనొక్కడే, ఆ సంగతి ఆయనకే తెలియదు.

పేరు వచ్చింది. క్రికెట్ ఆట మాత్రం తెరుచుకోలేదు. పరిమితి నిండిపోయిందని అదే పాత పాట. ఉన్న రెండు చోట్లూ కొట్టులోని మిషన్లకే ఇచ్చేశాం. తాయారు తెరకేసి చూసింది, మామగారికేసి చూసింది. లేచి కొట్టులోకి నడిచింది. నేను వెనకాలే వెళ్ళాను.

"బేరం సగమైపోతాదమ్మా, ఆలోచించు," అన్నాను.

"పోనీ అన్నయ్యా," అని విశాఖనుంచి తెచ్చిన మిషనులో మొగుడి ఖాతాని తన చేత్తోనే తీసేసింది. ఎలా తియ్యాలో ఆమెకి నేను చెప్పనక్కర్లేకపోయింది.

తిరిగొచ్చి గోడౌనులో నమోదు చేసింది. ఈసారి ఆట తెరుచుకుంది. మీసాల జగ్గు తెరమీదకి వచ్చి బ్యాటు తిప్పుతూ నిలబడ్డాడు. ఆడదామా అన్నట్టు నేను రిమోటు అందుకోబోతే గణపతిరావుగారు నా చెయ్యి పట్టుకున్నారు.

"నొక్కకు బాబూ. నొక్కితే ఔటయిపోతాడు. ఇలగే ఉంటాడు, నేనిలగే కూకుంటాను."

అందరం అలాగే కూర్చున్నాం. బయట సందులో ఆటోలు హారన్లు కొడుతున్నాయి. కాసేపటికి ఆయన తెరకేసి చూస్తూ, ఎప్పుడూ అడిగే గొంతుతోనే అడిగారు.

"ఏరా, తిన్నావేటి?"

తెరమీద జగ్గు బ్యాటు తిప్పుతూ ఉన్నాడు. నా పక్కనుంచి తాయారు మెల్లగా, "ఆఁ," అంది.