రాక్షసబల్లి మెడలో కంత

మా చిన్నతనంలో అమ్మవారి ఊరేగింపంటే ముందు బుట్టబొమ్మలు నడవాల్సిందే... అరుగు మీద నిలబడ్డవాళ్లు కూడా తలెత్తి చూడాల్సినంత ఎత్తు. లోపల వెదురు బుట్ట, పైన కాగితం గుజ్జుతో చేసిన తల, ఒంటికి పట్టుచీర. ఆ చీర లోపల మా నాన్న!

మామూలు రోజుల్లో నాన్న అంబాజీపేటలో కొబ్బరికాయలు వలిచేవాడు. ఊరేగింపు రోజున మాత్రం బొమ్మకి దణ్ణం పెట్టుకుని లోపలికి దూరేవాడు. దూరాక మళ్లీ గుడికి చేరేదాకా ఆయన్ని ఎవరూ పిలవకూడదు, ఆయన పలకకూడదు. అది మావాళ్ల పద్ధతి. దారి చూసుకోవడానికి బొమ్మ పొట్ట దగ్గర ఒక కంత ఉండేది. దాహమేస్తే మజ్జిగ కూడా అందులోంచే అందించేవారు.

నేను ఆరో తరగతిలో ఉండగా, ఆ ఏడే మా ఊరొచ్చిన మాస్టారిగారమ్మాయి పద్మ ఊరేగింపులో నా పక్కన నిలబడి "లోపల ఎవరే?" అని అడిగింది. నాకేం తెలుసు అనేశాను. బొమ్మ మోసే నాన్నని చూపించడానికి సిగ్గు నాకు. తీరా చూస్తే బొమ్మ సరిగ్గా మా ముందే ఆగి ఉంది. కంతలోంచి రెండు కళ్లు నన్నే చూస్తున్నాయి... ఇంటికొచ్చాక నాన్న ఎప్పట్లాగే నన్ను పక్కన కూర్చోబెట్టుకుని అన్నం తిన్నాడు. నాలుగు తిట్టినా బాగుండేది.

కొన్నాళ్లకి ఓ ఆదివారం మధ్యాహ్నం... వీధిలో కేబుల్ ఉన్నది సత్యవతి పిన్నిగారింట్లోనే. పిల్లలమంతా అక్కడే చేరాం. ఏదో జపాన్ సినిమా. సముద్రంలోంచి మేడంత రాక్షసబల్లి లేచొచ్చి, ఊళ్లకి ఊళ్లు తొక్కేస్తోంది. పద్మ భయంతో నా చెయ్యి రక్కేస్తోంది. నన్ను అన్నానికి పిలవడానికొచ్చిన నాన్న గుమ్మంలోనే నిలబడిపోయాడు.

"లోపల మనిషున్నాడండి" అన్నాడు పిన్నిగారితో.

పిల్లలందరం నవ్వాం. నేనూ నవ్వాను. నాన్న మాత్రం తెర మీంచి కళ్లు తిప్పలేదు.

"ఆ తలకాయకున్న కళ్లతో చూట్లేదండి ఆయన. మెడకాడ కంతుంది. అడుగేసే ముందు మెడ నిటారుగా పెడతన్నాడు చూడండి. ఆయ్... బాగా బరువండది. ఎడంకాలు లాగేస్తంది పాపం."

సినిమా అయ్యాక దాన్ని ఎలా తీశారో చూపించారు. ఇద్దరు మనుషులు రాక్షసబల్లి వీపు విప్పారు... లోపల్నించి ఓ బక్కపల్చటి ఆయన బయటికొచ్చాడు. తల నుంచి కాళ్లదాకా చెమట. కాలి తొడుగు వంపితే నీళ్లలా కారింది. పక్కనున్నాయన వేలు పెట్టి చూపించాడు... మెడ మీద చిన్న చిన్న కంతలు!

ఎక్కడి జపాను, ఎక్కడి మా ఊరు! పద్మ నోరు తెరుచుకుని మా నాన్న వంక చూస్తోంది. మీకెలా తెలిసింది బాబాయిగారూ అని అడిగింది. నాన్న ఒకసారి నా మొహం చూశాడు. "ఏదోలేమ్మా" అని ఊరుకున్నాడు. నా సిగ్గు ఆయన దాచాడు... నాకు ఏడుపొచ్చేసింది.

తర్వాతి ఊరేగింపులో మజ్జిగ చెంబు నేనే పట్టుకెళ్లాను. పద్మ పక్కనుండగానే, పద్ధతి తెలిసే, కంత దగ్గర గట్టిగా పిలిచాను.

"నాన్నా... మజ్జిగ."

పెద్దవాళ్లు చీవాట్లు పెట్టారు. అంత పెద్ద బొమ్మా ఆగి, మెల్లగా నా వైపు వంగింది.

పెద్దయ్యాక ఆ జపాన్ నటుడి గురించి వెతికి చదివాను. ఏళ్ల తరబడి అవే వేషాలట. మంటల మధ్య, నీళ్ల తొట్టెల్లో... ఊపిరాడక పడిపోయినా మర్నాడు మళ్లీ దూరేవాడట. పోస్టర్ల మీద రాక్షసబల్లే తప్ప ఆయన మొహం లేదు. ముసలితనంలో మాత్రం ఎక్కడెక్కడి జనమో వెతుక్కుంటూ వచ్చి సంతకాలు తీసుకున్నారట. చదువుతూ దణ్ణం పెట్టేశాను.

ఇప్పుడు రాక్షసబల్లుల్ని కంప్యూటర్లో చేసేస్తున్నారు. మా ఊళ్లో బొమ్మల్ని ట్రాక్టర్ మీద నిలబెట్టి తిప్పుతున్నారు. నాన్న పోయి చాలా కాలమైంది. ఆయన ఫొటో ఎవరైనా అడిగితే నేను ఊరేగింపు ఫొటోనే చూపిస్తాను... పట్టుచీర మధ్య కంత, కంతలో రెండు కళ్లు.

మీ ఊరి బొమ్మ లోపల ఎవరుండేవారండీ? పేరు గుర్తుంటే కింద రాయండి... ఇన్నాళ్లకైనా గట్టిగా పిలుద్దాం.