బోర్డు లేని కార్ఖానా

మా సేటు పోయిన శుక్రవారం కన్నుమూశారు. నాతో పనిచేసిన పాత జోడీదారు భివండిలోని టెంఘర్ నుంచి ఫోను చేసి, "సేటు పోయిండే" అన్నాడు. అంతే. నేనూ ఇంకేమీ అడగలేక చెప్పులు వెతుక్కున్నాను.

నాకు మాటలు తక్కువ. ఊరి బడిలో నేర్చుకున్న నాలుగు అక్షరాలతో భివండి వచ్చి, చేతనైనంత కాలం ఆయన దగ్గరే సాంచెలు నడిపాను. మరమగ్గాలను మేం సాంచెలంటాం. ఆయనదీ మా కరీంనగర్ వైపే. కూలికి సాంచెలు నడిపి, తర్వాత సొంతంగా కొన్ని పెట్టుకున్న మనిషి.

చాయ్ దగ్గర మహా పిసినారి. రెండు చాయ్‌లు తెప్పించి నలుగురికి పోయించేవారు. కానీ పని దిగి ఇంటికి పోయేటప్పుడు తలుపు దగ్గర ఆపి, మా జుట్టులో చిక్కుకున్న దూది తన చేత్తోనే ఏరేవారు. "గిట్ల పోతె మీ పిల్లలు ఎవడో ముసలోడొచ్చిండంటరు" అనేవారు. బట్టలో తప్పు పడితే తిట్టేవారు కాదు. "తెగిన పోగు దాసిపెడితె ఏం లాభం, బట్టనే జెప్తది" అని ముందుకు పోయేవారు.

ఆయనకున్న భయమల్లా కాగితమే. ఆ గల్లీలో సేట్లందరికీ అదే భయం. ఏ కార్ఖానాకూ బోర్డుండదు, ఎవడు పనిచేస్తున్నాడో ఎక్కడా రాసుండదు. రాస్తే లేబర్ ఆఫీసు వాళ్లు వచ్చి లెక్కలడుగుతారు. కాగితం ప్రకారం మేమెవరమూ అక్కడ లేము.

నా బిడ్డ పన్నెండో తరగతి పాసై, మందుల చదువులో సీటు తెచ్చుకుంది. బీదవాళ్ల పిల్లలకు ప్రభుత్వం ఫీజు మాఫీ చేస్తుంది. దానికి ఫారం నింపాలి, ఫారంతో ఆదాయం సర్టిఫికెట్ పెట్టాలి. తహసీలు ఆఫీసుకు పోతే, తండ్రి పనిచేసే చోటి నుంచి చిట్టీ తెమ్మన్నారు. అది లేకపోతే మాఫీ లేదు, మాఫీ లేకపోతే సీటు లేదు. ఆఖరు తేదీ దగ్గరపడుతోంది. సేటును అడిగినవా అని ఇంటావిడ రోజూ అడిగేది. నేను అవునూ కాదూ కాకుండా తలూపేవాణ్ని. బిడ్డేమో నింపిన ఫారం మడత పడకుండా బొంత కింద పెట్టుకుని పడుకునేది.

సాంచెల మోతలో ఎవరి మాటా ఎవరికీ వినబడదు. అందరం చేతులతో, పెదవులతోనే మాట్లాడుకుంటాం. నాలాంటివాడికి అంతకంటే మంచి చోటు లేదు. ఆ మోతలోనే అడిగేస్తే, ఆయన కాదన్నా ఆ సంగతి మా ఇద్దరి మధ్యే ఉంటుందనుకున్నాను. ఒక మధ్యాహ్నం ఆయన చెవి దగ్గరికి పోయి గట్టిగా అరవడం మొదలుపెట్టాను. సగంలో కరెంటు పోయింది. సాంచెలన్నీ ఒక్కసారి ఆగాయి. నా గొంతు మాత్రం ఆగలేదు.

"నేను మీ దగ్గర పనిజేస్తున్నని రాసియ్యాలె సేటూ, నా బిడ్డ సదువాగిపోతది."

గోడలు కూడా విన్నాయి. వెనక నుంచి ఎవడో, "గంత గొంతు ఇన్నేండ్లు ఏడ దాసినవే" అన్నాడు. అందరూ నవ్వారు, వెంటనే ఊరుకున్నారు. పిల్లలు అందరికీ ఉన్నారు. ఇక నా ఒక్కడికి చాటుగా రాసిచ్చే దారి ఆయనకు లేకుండా పోయింది. రాస్తే అందరికీ రాయాలి, లేకపోతే ఎవరికీ లేదు.

ఆయన తువ్వాలతో ముఖం తుడుచుకుని బయటికి పోయారు. నా పని అయిపోయిందనుకున్నాను. చీకట్లో, ఉక్కలో కూర్చున్నాం. కాసేపటికి లోపలికి వచ్చి అడిగారు.

"ఇంకెవలెవల పిల్లలకు గావాలె?"

మొదట ఎవరూ చెయ్యెత్తలేదు. తర్వాత ఒకడు ఎత్తాడు. ఆ వెనక చాలా చేతులు లేచాయి.

సాయంత్రానికే పక్క కార్ఖానా సేటు వచ్చాడు. నువ్వు రాసిస్తే రేపు మావాళ్లూ అడుగుతారని, లేబరోళ్లు నీ గడపలోనే కూర్చుంటారని గట్టిగానే అన్నాడు. మా సేటు అంతా విన్నారు.

"వస్తె చాయ్ పోస్త. పనిజేసెటోన్ని లేడని నేనెట్ల జెప్పుడు? వాని పిల్లలు సదువుకుంటున్నరు, మా నాయిన లేడని ఎందుకన్నవని రేపు వాళ్లే అడుగుతరు."

చాయ్ పోస్తానన్నారంటే మాట తిరగదని మాకు అర్థమైంది.

చిట్టీ నా బిడ్డే మరాఠీలో రాసింది, ఆయన సంతకం పెట్టారు. ముద్ర లేకుండా చెల్లదని ఆఫీసులో తిప్పి పంపారు. ముద్రకు పేరుండాలి, మా కార్ఖానాకేమో పేరే లేదు. ఆయన ఆ రోజే ఊళ్లోని నిజాంపురా బజారుకు పోయి ముద్ర చేయించుకొచ్చారు. నూలు కండెలు చుట్టి తనను పెంచిన తల్లి పేరు పెట్టి, పక్కన టెక్స్‌టైల్స్ అని చేర్చారు. మేం ఎక్కడ పనిచేస్తున్నామో మాకు ఆ రోజు తెలిసింది.

లేబర్ ఆఫీసు వాళ్లు తర్వాత వచ్చారు. ఏం జరిగిందో ఆయన చెప్పలేదు. ముద్ర వెయ్యడం మాత్రం ఆపలేదు. నా బిడ్డ ఇప్పుడు కళ్యాణ్‌లో ఒక ఆస్పత్రి మందుల షాపులో పనిచేస్తోంది. శుక్రవారం తెల్లకోటుతోనే వచ్చి, ఆయన కాళ్ల దగ్గర చాలాసేపు నిలబడింది. నేను నోటితో ఆయనకు ఎన్నడూ చెప్పలేనిది ఇక్కడ రాస్తున్నాను. సేటూ, మీ వల్ల బాగుపడ్డాం.

ఆయన్ను తలుచుకుంటే నాకు జూన్ నెలే కనిపిస్తుంది. బయట వాన. కార్ఖానా తలుపు దగ్గర, రేకు కింద, స్టూలు మీద ఆయన. ఎవరిదో పిల్లవాడి కాగితం మీద అప్పుడే ముద్ర వేశారు. ఆ చెమ్మలో సిరా ఆరదు. జల్లు పడకుండా వీపు అటు తిప్పి, కాగితాన్ని రెండు చేతుల్లో పట్టుకుని, పసిపిల్లకు పాలు చల్లార్చినట్టు మెల్లగా ఊదుతున్నారు.