వద్దన్నా సరిచేసిన పన్ను

పని మరీ బాగా చేసి ఒకావిడ నోటికాడి కూడు తీయబోయాను నేను. ఎనభైల మొదట్లో సంగతి. హైదరాబాదులో చదివిన పళ్ళ డాక్టరీ అమెరికాలో చెల్లదంటే, చంటిపిల్లతో మళ్ళీ కాలేజీకి వెళ్ళి, పరీక్షలు రాసి, లాస్ ఏంజెలెస్ శివార్లో క్లినిక్ తెరిచాను. అందుకే పని విషయంలో నాకు కాస్త పొగరు.

ఆవిడ ఇంగ్లండు నుంచి వచ్చి స్థిరపడిన నటి. మన సినిమాల్లో క్యారెక్టర్ ఆర్టిస్టులంటామే, ఆ బాపతు. పనిమనిషి, ఆయా, గయ్యాళి ఓనరమ్మ. హీరో వస్తే తలుపు తీసి ‘అయ్యగారు ఇంట్లో లేరు’ అనడం, వీలైతే తర్వాతి సీనులో శవాన్ని చూసి కేక పెట్టడం. ముప్పై ఏళ్ళలో కుర్చీలో కూర్చునే వేషం ఒక్కటీ రాలేదని నవ్వేది.

గట్టి బిస్కెట్టేదో కొరికి ముందుపన్ను విరగ్గొట్టుకుని వచ్చింది. పక్కదాని మీదికెక్కిన వంకర పన్ను, పైగా గోధుమరంగు మరక. క్యాప్ వేయాలన్నాను. “వేయండి డాక్టర్. కానీ పాతది ఎలా ఉండేదో అలాగే ఉండాలి,” అంది.

మొహమాటపడుతోంది పాపం అనుకున్నాను. మన ఇళ్ళల్లో ‘చాలండీ’ అని విస్తరికి చెయ్యి అడ్డం పెడితే ఎవరన్నా వింటారా? వేళ్ళ సందులోంచి ఇంకో గరిటె వేస్తారు. నేనూ అదే చేశాను. విరిగినదానికి తెల్లటి క్యాప్ వేసి, నా సంతోషం కొద్దీ పక్కదాన్ని కూడా సరిచేసి, అద్దం చేతికిచ్చాను. ఆవిడ చాలాసేపు చూసుకుంది. “చాలా బాగుంది,” అని వెళ్ళిపోయింది.

వారం తిరక్కుండా మళ్ళీ వచ్చింది. ఒక టీవీ సీరియల్లో ఓనరమ్మ వేషానికి ఆడిషనిచ్చిందట. “నన్ను చూస్తే అద్దెకున్నవాళ్ళు భయపడరట డాక్టర్. మరీ ఆరోగ్యంగా ఉన్నానట.”

“అయ్యో, ఆ రోజే చెప్పొచ్చు కదండీ!”

“మీరంత ముచ్చటపడి అద్దం ఇస్తుంటే ఎలా చెప్పను?”

ఒళ్ళు మండిపోయింది. ఆవిడ మీద కాదు, నా మీదే. గురువారం ఇంకొక్కసారి రమ్మన్నారట. ఇది పోతే ఈ వయసులో ఇంకోటి రాదని మెల్లగా చెప్పింది. ఆ మాట అంటున్నప్పుడు నవ్వలేదు.

పాత ఫొటోలు తెప్పించి ముందేసుకుని కూర్చున్నాను. క్యాపులు చేసిచ్చే ల్యాబ్ అతను ఫోన్‌లో నా ఆర్డరు రెండుసార్లు చదివించుకున్నాడు. “వంకరగానా? మరక కూడానా? డాక్టర్, ఆర్ యూ ఓకే?” నాలుగేళ్ళు తంటాలుపడి నేర్చుకున్న చదువంతా ఏ తప్పులు చేయకూడదో చెప్పింది. ఆ తప్పులన్నీ ఒక్కొక్కటే శ్రద్ధగా చేశాను. మరక రంగు మూడోసారికి గానీ కుదరలేదు. బుధవారం సాయంత్రం ఆవిడ అద్దంలో చూసుకుని, ఎవరినో ఇల్లు ఖాళీ చేయిస్తున్నట్టు పెదవి విరిచింది. నాకే భయమేసింది. వేషం ఆవిడకే వచ్చింది.

ఆ శరదృతువులో ఒక ఆదివారం మా ఇంటికి నాలుగు తెలుగు కుటుంబాలు భోజనానికొచ్చాయి. నేను రికార్డు చేసి పెట్టుకున్న ఆ సీరియల్‌ను మావారు గొప్పగా వీసీఆర్‌లో పెట్టారు. తెరమీద ఆ నటి అలా నోరు తెరిచిందో లేదో, గోంగూర పచ్చడి కలుపుకుంటున్న ఒకావిడ ముద్ద ఆపేసింది.

“ఛీ, అవేం పళ్ళండీ బాబూ! అమెరికాలో ఉండి ఈవిడకి మంచి డెంటిస్టే దొరకలేదా?”

మావారు నన్ను చూసి వద్దన్నట్టు తలాడించారు. నా నోరు ఊరుకుంటుందా!

“దొరికిందండీ. ఆ ముందువి రెండూ నేనే వేశాను,” అన్నాను.

ఆ గోంగూర పచ్చడావిడ పెరుగు గిన్నె నావైపు జరిపి, “అన్నట్టు, మంగళవారం మా అమ్మాయిని మీ క్లినిక్‌కి తీసుకొస్తానన్నాను కదండీ... దానికి ఆ రోజు స్కూల్లో ఏదో ఉందట. నేనే కాల్ చేస్తాలెండి,” అంది.