లచ్చమ్మ నేసిన తెర

అది 1958. చిట్యాలకు అవతల మా ఊళ్ళో, మూతబడిన నూనె మిల్లు గోదాములో టాకీసు పెట్టారు. దానికి మొదటి ఆపరేటర్ని నేనే. ప్రొజెక్టర్ నడపడం, వెలుతురిచ్చే కార్బన్ కడ్డీలు కాలినకొద్దీ దగ్గరికి జరపడం, తెగిన రీలు అతికించడం నా పని. ఆ టాకీసు సంగతి అడిగితే ఊళ్ళో అందరూ యజమాని పటేలు గొప్పతనమే చెబుతారు. నాకు ఒళ్ళు మండుతుంది. దాని తెర ఎవరు నేశారో ఒక్కడూ చెప్పడు.

సినిమా తెరకు అతుకు ఉండకూడదు. ఉంటే హీరోయిన్ ముఖం మీద గీత పడుతుంది. పట్నం నుంచి తెప్పించడం దండగని పటేలు చీరలు నేసే నర్సయ్యను పిలిపించాడు. నర్సయ్య ఇంట్లో మగ్గం చీర వెడల్పుకే సరిపోతుంది. తెర నేయాలంటే కొత్తగా గుంట తవ్వి పెద్ద మగ్గం దింపాలి, దాని మీద ఇద్దరు కూర్చోవాలి.

"జర చిక్కగ నేపియ్యుండ్రి పటేలా. పలుచగుంటే ఎలుగు ఎనకకు పోతది, బొమ్మ మసకబడ్తది" అన్నాను నేను.

"పోనీ. ఎనక చాపలేస్త. అటు గూడ టికెట్ పెడ్త" అని నవ్వాడు పటేలు.

నర్సయ్య ముఖం చిన్నబోయింది. "పలుచగ నేస్తే నా పేరు ఖరాబైతది పటేలా."

"ఏం గాదు. మొదటి ఆటకు నీకు, నీ పెండ్లానికి కుర్సీలేయిస్త. తాసీల్దారు పక్కన కూసోని చూడు."

ఆ మాట విన్న నర్సయ్య భార్య లచ్చమ్మకు కాళ్ళు నేల మీద నిలవలేదు. మా ఊళ్ళో పటేలు ముందు కుర్చీలో కూర్చున్న నేతమనిషి లేడు మరి. మగ్గానికి ఒక చివర ఆమె, ఇంకో చివర ఆయన. పేక దారం చుట్టిన నాడెను ఆయన తోస్తే ఆమె అందుకుని తిరిగి తోసేది. నేను చూడటానికి వెళ్తే, "కుర్సీల కూసుంటే కాళ్లు మీదికి ముడుచుకోవాల్నా, కిందికి ఇడువాల్నా బిడ్డా?" అని అడిగింది. ముగ్గురం నవ్వుకున్నాం.

నేసిన చీరలన్నీ అమ్మకానికే పోయే ఇల్లు వాళ్ళది. మొదటి ఆటకు లచ్చమ్మ అందులో ఒకటి కట్టుకుని వచ్చింది. కుర్చీల నిండా ఆఫీసర్లు, పటేలు వియ్యాలవారు ఉన్నారు. గేటు మనిషి, "మీ జాగా ఎనకదిక్కు, పోండ్రి" అన్నాడు. పటేలు చూసి కూడా చూడనట్టే ముఖం తిప్పుకున్నాడు. ఇద్దరూ పోయి తెర వెనక చాప మీద కూర్చున్నారు.

ఇంటర్వెల్‌లో నేను కిందికి దిగి వాళ్ళ దగ్గరికి వెళ్ళాను.

"బిడ్డా, గా పిల్ల కొంగు కుడి బుజం మీద ఏసుకున్నదేంది? ఏ ఊరి కట్టు గది?" అంది లచ్చమ్మ.

తెర వెనక నుంచి చూస్తే కుడి ఎడమవుతుంది, ఎడమ కుడవుతుంది. అదే చెప్పాను. నర్సయ్య లేచాడు.

"నడువే. మనల్ని ఈడ కూసోబెట్టెటందుకే గింత పలుచగ నేపిచ్చిండు."

మిగతా సినిమా చూడకుండానే వెళ్ళిపోయారు. నేను పైకెక్కి మళ్ళీ కార్బన్లు వెలిగించాను. కడుపు కోసం చేసే కొలువు, ఏం చేస్తాను?

వెనకవాళ్ళకు బొమ్మ బాగా ఆనాలని పటేలు తెర మీద నీళ్ళు చల్లించేవాడు. నాలుగేళ్ళకే అది చీకిపోయింది. మళ్ళీ నర్సయ్యకు కబురు పెట్టాడు. ఊళ్ళో మగ్గాలు సగం ఖాళీగా ఉన్న రోజులవి. అయినా నర్సయ్య, "గుంట పూడ్చిన" అని చెప్పి పంపాడు. "సాలోనికి గింత పొగరా" అన్నాడు పటేలు. చివరికి మిల్లు బట్టలు కలిపి కుట్టించాడు. అప్పటినుంచి ఎంత అందగత్తె అయినా మా టాకీసులో ముఖాన గీత పడాల్సిందే. జనం నన్నే తిట్టేవాళ్ళు. తిట్లు తింటూనే ఆ గీతను చూసి సంతోషపడేవాణ్ణి.

ముందు కుర్చీలో కూర్చుని సినిమా చూడమని లచ్చమ్మను ఎన్నిసార్లు పిలిచానో. "కుర్సీ ఇస్తనన్నోడు ఇయ్యలే, నువ్వెందుకిస్తవ్ బిడ్డా" అనేది. నర్సయ్య పోయాక ఒకరోజు అంగట్లో కనిపించి ఆపింది.

"గా సిన్మా పిల్లలు ఇప్పుడన్న కొంగు సక్కగ ఏసుకుంటున్నరా?"

"ముంగటికెల్లి చూస్తే ఎప్పుడూ సక్కగనే ఉంటది అత్తా" అన్నాను.

బొమ్మ బాగా పడటం ఆపరేటర్ చేతిలో ఉందని కొలువులో చేరినప్పుడు అనుకునేవాణ్ణి. మనిషిని ఎక్కడ కూర్చోబెట్టారన్నదే అసలు సంగతని అప్పుడు ఆమె ఇచ్చిన జవాబుతో తెలిసింది.

"మాకు ముంగటికెల్లి ఎవడు చూపెట్టిండు బిడ్డా" అని, కూరగాయల సంచి ఎత్తుకుని వెళ్ళిపోయింది.