‘సార్’ అనేలోగా గోల్

2005 జూన్‌లో నన్ను మణుగూరు ఏరియాకు స్పోర్ట్స్ సూపర్‌వైజర్‌గా వేశారు. అంతకుముందు చాలా ఏళ్లు బొగ్గు కంపెనీ ఫుట్‌బాల్ టీంలో హాఫ్‌బ్యాక్‌గా ఆడాను. మోకాలు పోయాక టైమాఫీసులో కూర్చోబెట్టారు. స్పోర్ట్స్ సూపర్‌వైజర్ అంటే పేరు పెద్దదే కానీ, గ్రౌండ్‌కు సున్నం గీతలు వేయించడం, ఆటగాళ్లకు స్పెషల్ లీవు రాయించడం, టీంకు కోచ్‌గా నిలబడటం అన్నీ ఆ ఒక్క మనిషి పనే.

చేరిన రోజే పర్సనెల్ మేనేజర్ పిలిచి సంగతి చెప్పారు. మా టీం రెండేళ్లుగా కంపెనీ ఏరియాల మధ్య జరిగే టోర్నమెంటులో మొదటి మ్యాచ్‌కే ఓడి ఇంటికొస్తోంది. ఈసారీ అంతే అయితే ఫుట్‌బాల్ ఎత్తేసి వాలీబాల్ ఒక్కటే ఉంచుతామన్నారు. నాకు ఒళ్లు మండింది. ఖమ్మంలో చర్చి పక్కనున్న బడి మైదానంలో చెప్పుల్లేకుండా నేర్చుకున్న ఆట నాది. ఆ ఆటే నాకు ఉద్యోగం ఇచ్చింది. నా చేతుల మీదుగా దాన్ని మూసెయ్యనివ్వకూడదని ఆ గదిలోనే గట్టిగా అనుకున్నాను.

ఆ రోజుల్లో క్లబ్‌లోని టీవీలో స్పెయిన్ మ్యాచ్‌లు వచ్చేవి. అక్కడి ఒక టీం మేనేజర్, అంటే మన కోచ్ లాంటివాడు, ఒకప్పుడు నాలాగే హాఫ్‌బ్యాక్‌ ఆడినవాడని పేపర్లో చదివాను. అప్పటి నుంచి బంతిని వదిలేసి, గీత పక్కన నిలబడ్డ ఆయన్నే చూసేవాణ్ణి. కాళ్లు లోపలికి లాగుతుంటే గీత ఇవతల ఆగడం ఎంత కష్టమో ఆడినవాడికే తెలుస్తుంది. అక్కడి ఆటగాళ్లు మేనేజర్‌ను ఉట్టి ‘మిస్టర్’ అంటారని కూడా ఆ పేపర్లోనే ఉంది. మనకు ‘సార్’ లేనిదే నోరు పెగలదు కదా అని నవ్వుకున్నాను. ఆ నవ్వు నా మెడకే చుట్టుకుంటుందని అప్పుడు తెలియలేదు.

టీంలో ఇద్దరి గురించి చెప్పాలి. గోల్‌కీపర్ పూనెం లక్ష్మయ్య, అడవి పక్క పల్లె నుంచి వచ్చిన కోయ యువకుడు, గనిలో బదిలీ వర్కర్. బదిలీ అంటే ఎవరైనా పనికి రాకపోతే వాళ్ల స్థానంలో దిగేవాడు. చాలినన్ని మస్టర్లు, అంటే హాజర్లు, పడితేనే పర్మనెంటు అవుతాడు. గోల్ ముందు నిలబడే స్టాపర్ బ్యాక్ వెంకటేశ్వరరావు, మధిర వైపు వ్యవసాయ కుటుంబం మనిషి. ఆయన గనిలో ఓవర్‌మన్, షిఫ్టులో ఎవరిని ఏ పనికి పంపాలో చెప్పే పెద్ద. లక్ష్మయ్య ఉండేది ఆయన షిఫ్టులోనే.

ప్రాక్టీసు మ్యాచ్‌ల్లో మా మీద పడ్డ గోల్స్ అన్నీ ఒకే తీరుగా పడేవి. పక్కనుంచి బంతి లేస్తుంది, ఇద్దరూ దానికోసం వస్తారు, గుద్దుకుంటారు, బంతి లోపలికి పోతుంది. కీపర్ చేతులు సరిగా లేవని తేల్చాను. రెండు వారాలపాటు రోజూ పొద్దున్నే లక్ష్మయ్య చేత బంతులు పట్టించాను. పాపం, ఒక్కటీ వదలకుండా పట్టాడు. సాయంత్రం మ్యాచ్‌లో మళ్లీ అదే గోల్. ఆడలేక మద్దెల ఓడన్నట్టు, నాకు కారణం కనిపించక తప్పంతా అతని చేతుల మీద వేశాను.

ఒకరోజు విసుగొచ్చి గీత పక్కన కాకుండా గోల్ వెనక నిలబడ్డాను. అప్పుడు వినిపించింది. మైదానమంతా కనిపించేది కీపర్‌కే కనుక, బంతి ఎవరిదో అరిచి చెప్పాల్సిందీ అతనే. లక్ష్మయ్య చెబుతున్నాడు, అదీ ఎలాగంటే, "సార్, జర ఎడమ దిక్కు రాండ్రి సార్" అని. మొదటి సార్‌కు బంతి లేచింది, రెండో సార్‌కు లోపల పడింది.

ఆట ఆపి, ‘రా’, ‘జరుగు’, ‘వదులు’ అనమన్నాను. అతను తల దించుకుని, "నాతోని కాదు సార్. పొద్దుగాల మస్టర్ కాడ ఆయన ముంగట చేతులు కట్టుకుని నిలబడేటోన్ని. పొద్దుమీకి గట్లెట్ల అంట?" అన్నాడు.

వెంకటేశ్వరరావు గారు కోపగించలేదు కానీ, నన్ను పక్కకు పిలిచి తన మాటా చెప్పారు. "మాస్టారూ, నా షిఫ్టు కుర్రాడు నలుగురిలో నన్ను ‘నువ్వు’ అంటే, రేపు గనిలో నా మాట ఎవడు వింటాడండీ?" ఇద్దరిదీ న్యాయమే. కానీ బంతికి మర్యాద తెలియదు, మన భాషకేమో అది లేకుండా ఒక్క క్రియ కూడా రాదు. రా అనాలి, లేదంటే రండి అనాలి, మధ్యలో ఏదీ లేదు.

మూడు రోజులు తల బద్దలు కొట్టుకున్నాను. చివరికి లక్ష్మయ్యనే అడిగాను, గనిలో పెద్దవాళ్లకు జల్దీగా ఏదైనా చెప్పాల్సి వస్తే ఎట్లా చెబుతావని. అతను కొంచెం ఆలోచించి, "మట్టి పోసే కాడ డంపర్లకు నంబర్ చెప్తం సార్. ‘పదకొండు, ఎనక’ అని. లోపల ఎవరున్నా ఏమనుకోరు" అన్నాడు.

నంబరుంది, దిక్కుంది, క్రియ లేదు. క్రియ లేకపోతే మర్యాద గొడవే లేదు. మర్నాటి నుంచి మైదానంలో ఎవరూ ఎవరినీ పేరుతో, వరసతో, హోదాతో పిలవకూడదని నియమం పెట్టాను. జెర్సీ నంబరు, దిక్కు, అంతే. నన్ను కూడా సార్ అనొద్దన్నాను. వెంకటేశ్వరరావు గారిది ఐదో నంబరు. "ఐదును ఎన్నైనా అనమనండి మాస్టారూ, ఐదుకి పౌరుషం ఉండదు" అని నవ్వారు. లక్ష్మయ్య గొంతు లేవడానికి మాత్రం వారం పట్టింది. మొదట్లో ‘ఐదూ’ అని ఒక్క క్షణం ఆగేవాడు, సార్ అన్న మాటను లోపలే మింగడానికి.

టోర్నమెంటు కొత్తగూడెంలో. మొదటి మ్యాచ్ మాకంటే గట్టి ఏరియాతో. రెండో సగంలో మాకో గోల్ దొరికింది. అక్కణ్ణుంచి బంతి మా గోల్ దగ్గరే తిరిగింది. "ఐదూ, ఎడమ", "మూడూ, ఎనక" అంటూ లక్ష్మయ్య గొంతు నాకు గీత దాకా వినిపిస్తూనే ఉంది. ఆఖరి నిమిషాల్లో కుడివైపు నుంచి బంతి లేచింది, ఎప్పటిలాగే ఇద్దరి మధ్యకు. వెంకటేశ్వరరావు గారు తలతో కొట్టడానికి ఎగరబోతున్నారు.

"ఐదూ, వదులు!"

క్రియ వచ్చేసింది. ఆయన ఆగిపోయారు, తల వంచి పక్కకు తప్పుకున్నారు. లక్ష్మయ్య బంతిని అందుకుని పొట్టకు అదుముకున్నాడు. కాసేపటికి మ్యాచ్ ముగిసింది, గెలిచాం.

తిరిగొచ్చేటప్పుడు బస్సులో వెంకటేశ్వరరావు గారు నా పక్కన కూర్చున్నారు. "‘వదులు’ అన్నాడు మనవాడు, విన్నారా?" అన్నారు. విన్నానని, మీరు వదలడం కూడా చూశానని అన్నాను. "వదలకపోతే గోల్ అయ్యేది కదండీ" అని కిటికీలోంచి బయటకు చూస్తూ కూర్చున్నారు.

తర్వాతి మ్యాచ్‌లో రెండు గోల్స్ తేడాతో ఓడాం. అయినా టీం నిలిచింది. నేను రిటైరయ్యేదాకా దాన్ని ఎత్తేసే మాట ఎవరూ ఎత్తలేదు. ఆటగాడిగా ఉన్నన్నాళ్లూ బంతి ఎక్కడుందో చూసుకుంటే నాకు సరిపోయింది. కోచ్ అయ్యాక, ఎవరు ఎవరికి సూటిగా చెప్పలేకపోతున్నారో వినాలి. అది తెలియక ఒక మంచి కీపర్‌ను రెండు వారాలు అనవసరంగా తప్పుపట్టాను.